రాచకుటుంబాల ఇంటి రీళ్లు: భోషాణం నుంచి వెండితెర దాకా

రాజులు, ప్రభువులు తమ ఇంటి పెళ్లిళ్లను, వేటలను, నౌకావిహారాలను, పిల్లల ఆటలను సొంత కెమెరాతోనో, కొలువులో ఉన్న కెమెరామన్ చేతనో తీయించుకుని, తమవాళ్ల మధ్య చూసుకోవడానికి దాచుకున్న ఫిల్ములు చాలా దేశాల్లో ఉన్నాయి. తీయించిన నాడు వాటిని బయటివాళ్లకు చూపించాలన్న ఆలోచన లేదు. సింహాసనం కూలిపోవడం వల్లనో, భరణం ఆగిపోవడం వల్లనో, వారసులు మనసు మార్చుకోవడం వల్లనో ఆ పెట్టెల మూతలు తెరుచుకున్నాయి. రీళ్లు సినిమావాళ్ల చేతికి వచ్చాయి. అలా వచ్చిన వాటిలో అన్నిటికంటే పేరుపడ్డవి రష్యా చక్రవర్తి రెండో నికోలస్ ఇంటి రీళ్లు. వాటిని ఆధారం చేసుకుని ఎస్ఫిర్ షూబ్ అనే ఎడిటర్ 1927లో కూర్చిన ‘రొమానోవ్ వంశ పతనం’, పాత ఫిల్ముతోనే కొత్త సినిమా కట్టే పద్ధతికి ఆద్యంగా లెక్కకొస్తుంది.

ఇలాంటి రీళ్లను ఒకదాని తర్వాత ఒకటి చూస్తూ పోతే, వాటిలో ఎక్కువగా కనిపించేది వంగి దణ్ణం పెట్టడం. ఎవరు టోపీ తీశారు, ఎవరు మోకరిల్లారు, ఎవరు ఎంతగా వంగారు? తీయించినవారికి ముచ్చటగా తోచింది ఇదే. తర్వాత ఆ ఫిల్మును చేతిలోకి తీసుకున్న దర్శకులు కూడా సరిగ్గా ఇక్కడే ఆగారు. కాకపోతే వాళ్ల చూపు దణ్ణం పెట్టినవారి మీద నిలిచింది.

కొలువులో కెమెరా

లూమియేర్ సోదరులు పారిస్‌లో టికెట్టు పెట్టి తొలి సినిమా ప్రదర్శన ఇచ్చింది 1895 డిసెంబరు 28న. అయిదు నెలలు తిరక్కముందే వాళ్ల కెమెరామన్లు మాస్కోలో దిగారు. 1896 మేలో జరిగిన నికోలస్ పట్టాభిషేకాన్ని వాళ్లు తీసిన ఫిల్ము ఇప్పటికీ ఉంది. బండ్ల బారులు, మెట్లు దిగుతున్న ప్రముఖులు, వాళ్ల వెనక సైనికుల వరసలు కనిపిస్తాయి. ఆ ఉత్సవాల్లోనే ఖొదిన్కా మైదానంలో కానుకలు పంచుతారని లక్షల మంది చేరారు. తొక్కిసలాటలో 1,300 మందికి పైగా చనిపోయారు. అక్కడ కూడా తాము కెమెరా తిప్పామనీ, పోలీసులు దాన్ని లాక్కున్నారనీ లూమియేర్ మనుషుల్లో ఒకడైన ఫ్రాన్సిస్ డుబ్లియే తర్వాత చెప్పుకున్నాడు. కిరీటధారణ మిగిలింది. ఖొదిన్కా మిగల్లేదు. రాచకుటుంబాల చిత్ర భాండారాలను తెరిచేవాళ్లు మొదటి రోజునుంచీ గుర్తుంచుకోవలసిన సంగతి ఇది.

మరుసటి ఏడాది ఫ్రాన్స్ అధ్యక్షుడు ఫెలిక్స్ ఫోర్ రష్యా పర్యటనకు వచ్చినప్పుడు జార్ (రష్యా చక్రవర్తి) కొలువు కోసం పోలండ్ జాతీయుడు బొలెస్వాఫ్ మతుషెవ్‌స్కీ కెమెరా పట్టాడు. రష్యా జెండా ముందు ఫోర్ టోపీ తీయలేదని జర్మనీ వైపు నుంచి, సాక్షాత్తూ బిస్మార్క్ పేరు మీదే, ఒక నింద పుట్టింది. మతుషెవ్‌స్కీ ఫిల్ము వేసి చూస్తే ఫోర్ టోపీ తీసినట్టు తేలింది. కదిలే బొమ్మ ఒక దౌత్య వివాదంలో సాక్ష్యం చెప్పిన తొలి సందర్భాల్లో ఇదొకటి. ఆ అనుభవంతోనే మతుషెవ్‌స్కీ 1898లో పారిస్‌లో ఒక చిన్న పుస్తకం అచ్చు వేశాడు. కాగితపు దస్తావేజుల్లాగే ఫిల్మును కూడా ప్రభుత్వం భద్రపరచాలని అందులో వాదించాడు. ఫిల్ము భాండారం అన్న ఊహకు తొలి రూపం అందులోనే ఉందని సినిమా చరిత్రకారులు చెబుతారు. ఆ ఊహ ఒక రాజుగారి కొలువులో కెమెరా తిప్పినవాడికి తట్టడం సహజమే. తాను తీసినది ఎవరి చేతిలో ఉందో, ఎంతమందికి దాన్ని చూసే అదృష్టం లేదో అతనికి బాగా తెలుసు.

ఆ తర్వాతి సంవత్సరాల్లో త్సార్‌స్కొయే సెలోలో ‘ఫాన్ గాన్’ స్టూడియో నడిపిన అలెగ్జాందర్ యాగెల్‌స్కీ జార్ కుటుంబపు కెమెరామన్ అయ్యాడు. సేనల కవాతులు, ‘స్టాండర్ట్’ అనే విహారనౌక మీద సాయంకాలాలు, క్రిమియాలో లివాదియా భవనం, నలుగురు కూతుళ్ల ఆటలు, ఒక్కగానొక్క కొడుకు అలెక్సీ అల్లరి, అన్నీ అతని కెమెరాలోకి ఎక్కాయి. శనివారాలు భవనంలో సినిమా వేసేవారు. తమను తాము తెర మీద చూసుకోవడంతో ఆ పూట మొదలయ్యేదని ఆస్థానంలో పనిచేసినవారు రాసుకున్నారు. ఇదే నికోలస్ 1913లో ఒక పోలీసు నివేదిక అంచున, సినిమా పనికిరానిదనీ హానికరమైనదనీ, దానికి ప్రాముఖ్యం ఇవ్వడం తెలివితక్కువ అనీ రాశాడు. ఊళ్లో జనం చూసే సినిమా వేరు, ఇంట్లో తాము చూసుకునే సినిమా వేరు అన్న భేదం ఆయన మనసులో అంత గట్టిగా ఉండేది.

1913 రొమానోవ్ వంశానికి మూడు వందల ఏళ్లు నిండిన సంవత్సరం. ఆ ఉత్సవాల ఫిల్ములో, మాస్కో క్రెమ్లిన్ ఊరేగింపులో, ఒక కొసాక్ సైనికుడు ఎనిమిదేళ్ల యువరాజును చేతుల మీద మోసుకుంటూ నడుస్తాడు. ముందూ వెనకా మెరిసే దుస్తులు, పతకాలు. మధ్యలో ఆ బాలుడు. గాయమైతే రక్తం గడ్డకట్టని హీమోఫీలియా జబ్బు అలెక్సీకి ఉందన్న సంగతిని కుటుంబం దేశానికి చెప్పలేదు. ముందటి ఏడాది పోలండ్‌లోని స్పావా వేట భవనంలో అతను చావు అంచుదాకా వెళ్లొచ్చాడు. 1913 నాటికి కాలు ఇంకా సరిగా సాగడం లేదు. దాచిన సంగతిని కెమెరా బయటపెట్టింది. పండుగ తీయమంటే తీసిన ఫిల్ము అది. వంద ఏళ్ల తర్వాత చూసేవారి కళ్లు మాత్రం ఆ సైనికుడి చేతుల మీదే నిలుస్తాయి.

షూబ్ చేసిన పని

ఎస్ఫిర్ షూబ్ 1894లో పుట్టింది. 1922 నుంచి గోస్‌కినో సంస్థలో విదేశీ సినిమాలను సోవియట్ ప్రేక్షకులకు తగినట్టు కత్తిరించి, అక్షరాలు మార్చి తిరిగి కూర్చే ఉద్యోగం చేసింది. ఫ్రిట్జ్ లాంగ్ తీసిన ‘డాక్టర్ మబూసె’ను అలా తిరగగూర్చేటప్పుడు పక్కన కూర్చుని పని నేర్చుకున్నవాడు సెర్గేయ్ ఐజెన్‌స్టీన్. ఒక షాటును ఎక్కడ తెంచితే దాని అర్థం ఎటు తిరుగుతుందో ఆమెకు రోజువారీ కూలిపనిలా అలవాటైంది. ఎవరో ఒక ఉద్దేశంతో తీసిన ఫిల్మును ఇంకో ఉద్దేశానికి ఒప్పించడం అప్పటికే ఆమె చేతిలో పని.

జార్‌ను గద్దె దించిన 1917 ఫిబ్రవరి విప్లవానికి పదేళ్లు నిండుతున్నాయి. జార్ కాలపు ఫిల్ము వెతకడానికి షూబ్ 1926లో లెనిన్‌గ్రాద్ వెళ్లింది. రీళ్లు చెమ్మ పట్టిన నేలమాళిగల్లో పడి ఉన్నాయి. కొన్ని తుప్పు డబ్బాల్లో అతుక్కుపోయాయి. ఏ రీలులో ఏముందో రాసినవాడు లేడు. రెండు నెలలపాటు ఆమె 60,000 మీటర్ల ఫిల్ము చూసింది. అందులో 5,200 మీటర్లు ఎంచి మాస్కోకు తెచ్చింది. చివరికి సినిమాలో నిలిచింది సుమారు 1,500 మీటర్లు. నలభై పాళ్లలో ఒక పాలు. 1927 మార్చి 11న సినిమా విడుదలైంది.

ఆ సినిమాలో ఎక్కువగా చెప్పుకునే ఘట్టం ఓడ మీద నాట్యం. పైతట్టు మీద దొరలూ దొరసానులూ మజుర్కా ఆడతారు. ఎండ, నవ్వులు, తెల్లని దుస్తులు. అలసిపోయి చెమట తుడుచుకుంటారు. చెమట పట్టేదాకా ఆడారని తెర మీద అక్షరాలు పడతాయి. వెంటనే మట్టి తవ్వుతున్న కూలీలు. అక్కడా చెమటే. రెండు షాట్లు, మధ్యలో రెండు మాటలు, అంతే. ఈ ఘట్టాన్ని పొగడనివారు లేరు. అయినా షూబ్ బలం అంతకంటే నెమ్మదిగా నడిచే చోట్ల ఇంకా గట్టిగా కనిపిస్తుంది. ఊరేగింపు వస్తే ఆమె దాన్ని ముక్కలు చేయదు. చివరి బండి దాటిపోయేదాకా నడవనిస్తుంది. ప్రేక్షకుడికి మొదట రాజఠీవి కనిపిస్తుంది. ఇంకాసేపటికి పక్కన నిలబడ్డ పోలీసులు కనిపిస్తారు. ఇంకా సేపటికి, వాళ్ల వెనక ఒత్తుకుంటున్న జనం. ఆ కాలంలో జిగా వెర్టోవ్ లాంటివారు ఫిల్మును చిన్న చిన్న తునకలుగా కోసి వేగంగా కుడుతుంటే, షూబ్ షాటును నమ్మింది. ఎదుటివాడి ఫిల్మునే వాడికి సాక్ష్యంగా నిలబెట్టాలంటే దాన్ని పూర్తిగా మాట్లాడనివ్వాలని ఆమెకు తెలుసు.

తెర మీద పేరు వేసుకోవడం దగ్గర ఆమెకు అన్యాయం జరిగింది. కెమెరా తిప్పని మనిషిని కర్త అనడానికి సోవ్‌కినో సంస్థ ఒప్పుకోలేదు. కర్తకు చెల్లే హక్కులు ఆమెకు ఇవ్వకపోవడాన్ని కవి మయకోవ్‌స్కీ బహిరంగ సభలో నిలదీశాడు. పాత ఫిల్మును కూర్చేవారిది రచనా, లేక గుమాస్తా పనా అన్న పేచీ అక్కడే మొదలైంది. నేటికీ చాలా దేశాల కాపీరైటు వ్యవహారాల్లో అది తెగలేదు. షూబ్ మాత్రం ఆగలేదు. అదే 1927లో ‘మహామార్గం’, 1928లో ‘రెండో నికోలస్, లియో టాల్‌స్టాయ్‌ల రష్యా’ కూర్చి, విప్లవానికి ముందూ వెనకా ఉన్న కాలాన్ని మూడు సినిమాల్లో ఒడిసిపట్టింది.

అవే రీళ్లు, వేరే తీర్పులు

ఫిల్ము ఒకరి పక్షాన శాశ్వతంగా ఉండదు. జార్ కుటుంబానికి దగ్గరైన రస్పుతిన్ కథతో ఎలెమ్ క్లిమోవ్ తీసిన ‘అగోనియా’ 1975లో పూర్తయింది. నటులు ఆడిన ఘట్టాల మధ్య పాత వార్తాచిత్రాల ముక్కలు అతికి, కల్పనకూ దస్తావేజుకూ మధ్య గీతను ఆయన కావాలనే చెరిపాడు. జార్‌ను మరీ మనిషిలా చూపించాడన్న అభ్యంతరం వచ్చింది. సోవియట్ ప్రేక్షకులకు అది 1985లో గానీ దక్కలేదు. సోవియట్ యూనియన్ కూలిన మరుసటి ఏడాది, 1992లో, స్తనిస్లావ్ గొవొరూఖిన్ ‘మనం పోగొట్టుకున్న రష్యా’ తీశాడు. జార్ కాలాన్ని ఎండగట్టడానికి షూబ్ వాడుకున్న లాంటి పాత దృశ్యాలతోనే ఆయన అదే కాలాన్ని తలుచుకుని కన్నీళ్లు పెట్టించాడు. షూబ్ సినిమానూ గొవొరూఖిన్ సినిమానూ పక్కపక్కన చూడడం కంటే మంచి పాఠం సినిమా విద్యార్థికి దొరకదు.

ఫ్రెంచి దర్శకుడు క్రిస్ మార్కర్ దారి వేరు. సోవియట్ దర్శకుడు అలెగ్జాందర్ మెద్వెద్కిన్ జీవితం మీద ఆయన తీసిన ‘ఆఖరి బోల్షెవిక్’ 1993లో వచ్చింది. అందులో 1913 ఊరేగింపు ఫిల్ము ఒకటి వస్తుంది. బారు ముందు నడుస్తున్న ఒక లావుపాటి అధికారి, దారి పక్క జనం వైపు తిరిగి తన తల మీద తట్టి చూపిస్తాడు. టోపీలు తీయండి అని ఆ సైగ. మార్కర్ ఆ సైగను ఆపి, వెనక్కి తిప్పి మళ్లీ చూపిస్తాడు. తర్వాతి డెబ్బై ఏళ్లలో జరిగిన ఘోరాల లెక్కలు చూసే ముందు ఈ మనిషిని మరవకండని అడుగుతాడు. ఆ అధికారి ఫిల్ములో ఉన్నాడని తీసినవాడు పట్టించుకుని ఉండడు. జార్ కుటుంబం చూసి ఉంటే కూడా అందులో తప్పేమీ కనిపించి ఉండదు. మొత్తం 1913 ఉత్సవాల్లో ఇంతకంటే నిజం చెప్పే క్షణం ఇంకోటి లేదు.

చక్రవర్తుల పాత ఫిల్ము మీద జర్మనీలో కూడా ఇలాంటి పని జరిగింది. కైజర్ రెండో విల్‌హెల్మ్ కెమెరా కనపడితే పొంగిపోయేవాడు. అతన్ని తీసిన ఫిల్ములు పోగేసి పీటర్ షమోని 1999లో ఒక సినిమా తీశాడు.

రీలు ఒంటి తత్వం

ఈ చరిత్రలో రసాయన శాస్త్రానిదీ పెద్ద పాత్రే. జార్ కాలపు ఫిల్ము సెల్యులోజ్ నైట్రేట్. అంటుకుంటే తనకు కావలసిన ఆక్సిజన్‌ను తానే పుట్టించుకుంటుంది గనుక నీళ్లు పోసినా ఆరదు. తడి, వేడి తగిలితే జిగురుగా మారి చివరికి పొడి అవుతుంది. 1922లో పాథే సంస్థ 9.5 మిల్లీమీటర్ల ఫిల్మునూ, 1923లో కొడాక్ 16 మిల్లీమీటర్ల ఫిల్మునూ అంత తేలిగ్గా అంటుకోని అసిటేట్ మీద ఇళ్లలో వాడుకోవడానికి తెచ్చాయి. 1930ల మధ్యలో కొడాక్రోమ్ రంగు వచ్చింది. దాంతో రాచకుటుంబాలకు కొలువు కెమెరామన్ అవసరం తగ్గింది. రాజే కెమెరా పట్టాడు. అసిటేట్‌కూ తనదైన చీడ ఉంది. పుల్లటి వెనిగర్ వాసన కొడుతూ కుంచించుకుపోతుంది.

వేగం సంగతి ఇంకా ముఖ్యం. చేత్తో తిప్పిన కెమెరా సెకనుకు సుమారు 16 బొమ్మలు తీసేది. మాటలొచ్చాక ప్రొజెక్టర్లు 24కు చేరాయి. పాత రీలును కొత్త యంత్రం మీద వేస్తే జార్ కీలుబొమ్మలా తుళ్లుతూ నడుస్తాడు. చాలా దశాబ్దాలపాటు ప్రేక్షకులు ఆ నడక చూసి నవ్వారు. ఆ నవ్వు యంత్రం తెచ్చినది. బాధ్యతగా పనిచేసే ఎడిటర్లు కొన్ని బొమ్మలను రెండేసి సార్లు ముద్రించి అసలు నడక వెనక్కి తెస్తారు. అలా తెచ్చిన ఫిల్ములో నికోలస్ మామూలు మనిషిలా, నెమ్మదిగా నడుస్తాడు. అతన్ని గురించిన మన అంచనా కూడా అక్కడ కొంత మారుతుంది.

తాళం ఎవరి దగ్గర

రష్యాలో విప్లవం తాళం పగలగొట్టింది. బ్రిటన్‌లో తాళం ఇప్పటికీ కుటుంబం దగ్గరే ఉంది. ఆరో జార్జి రాజు కాకముందునుంచీ కెమెరా అంటే ఇష్టపడేవాడు. ఆ ఇంటి రీళ్లు బ్రిటిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ భాండారంలో భద్రంగా ఉన్నా, సొంతదారు రాజకుటుంబమే. అనుమతి లేనిదే ఎవరూ వాడకూడదు.

2015 జూలైలో ‘ది సన్’ పత్రిక 17 సెకన్ల ముక్క ఒకటి బయటపెట్టింది. 1933 ప్రాంతంలో బాల్మోరల్‌లో తీసినది. జార్జి కూతురు, తర్వాత రాణి అయిన చిన్నపిల్ల ఎలిజబెత్, ఆమె తల్లి, పెద్దనాన్న ఎడ్వర్డ్ కెమెరా వైపు చెయ్యి చాచి నాజీ వందనం చేస్తున్నట్టు అందులో ఉంది. ఎనభై ఏళ్ల కిందటి సొంత కుటుంబపు ఫిల్మును ఇలా వాడుకోవడం విచారకరమని రాజభవనం అంది. ఎడ్వర్డ్‌కు తర్వాత నాజీ జర్మనీతో ఉన్న సాన్నిహిత్యం దృష్ట్యా ఇది జనం తెలుసుకోవలసిన విషయమేనని పత్రిక అంది. ఆరేడేళ్ల పిల్ల చేసిన సైగకు అర్థం అంటగట్టడం తప్పు. పెద్దవాళ్ల సంగతి అలా కాదు. రాజ్యాధికారం ఉన్న ఇంట్లో పెద్దల ఆటపాటలను కేవలం ఇంటి గొడవ అనుకుని వదిలేయలేం.

2022లో కుటుంబమే పెట్టె తెరిచింది. రాణి సింహాసనమెక్కి డెబ్బై ఏళ్లయిన సందర్భంగా బీబీసీకి 400కు పైగా రీళ్లు చూసే అవకాశం ఇచ్చారు. ‘ఎలిజబెత్: ది అన్‌సీన్ క్వీన్’ అలా వచ్చింది. మాటలు కూడా చాలావరకు రాణి స్వరంలోనివే, ఆమె పాత ప్రసంగాల నుంచి ఏరినవి. 1946లో, నిశ్చితార్థం లోకానికి తెలియకముందు, బాల్మోరల్‌లో ఆమె వేలి ఉంగరం చూపిస్తూ మురిసిపోయే ముక్క అందరికీ నచ్చింది. నచ్చవలసినదే. కానీ ఏ రీలు చూపాలో సొంతదారు ఒప్పుకుంటేనే కుదిరే సినిమాకు, షూబ్ నేలమాళిగల్లో తానే వెతికి తీసిన సినిమాకు మధ్య దూరం చాలా ఉంది.

మన సంస్థానాలు

1911 డిసెంబరు 12న ఢిల్లీ దర్బారులో అయిదో జార్జికి సంస్థానాధీశులు వరసగా వచ్చి దణ్ణం పెట్టారు. మొదట వచ్చింది ఆ ఏడాదే గద్దెనెక్కిన హైదరాబాద్ నిజాం మీర్ ఉస్మాన్ అలీ ఖాన్. రెండోవాడు బరోడా మహారాజు శాయాజీరావు గాయక్వాడ్. ఆయన ఒక్కసారి తల వంచి, చక్రవర్తికి వీపు చూపించి వెళ్లిపోయాడని లండన్ పత్రికలు గగ్గోలు పెట్టాయి. గాయక్వాడ్ క్షమాపణ పత్రం రాయవలసి వచ్చింది. ఆ వార్తాచిత్రం లండన్ థియేటర్లకు చేరగానే, ఆయన వంగాడా లేదా అని కళ్లారా చూడడానికి జనం ఎగబడ్డారు. అదే దర్బారును చార్ల్స్ అర్బన్ కినెమాకలర్ అనే తొలి రంగుల పద్ధతిలో తీశాడు. 1912 ఫిబ్రవరిలో లండన్ స్కాలా థియేటర్‌లో అది రెండు గంటలకు పైగా నడిచింది. తర్వాత దాదాపు అంతా పోయింది. సైనిక కవాతు రీలు ఒకటి 2000లో మాస్కో దగ్గర క్రాస్నోగోర్స్క్ ప్రభుత్వ ఫిల్ము భాండారంలో దొరికింది.

1930ల నాటికి మన రాజభవనాల్లోకి సొంత కెమెరాలు వచ్చాయి. 1971 చివర్లో రాజ్యాంగ సవరణతో రాజభరణాలు రద్దయ్యాయి. భవనాలు హోటళ్లవుతున్న ఆ రోజుల్లో జేమ్స్ ఐవరీ, ఇస్మాయిల్ మర్చంట్ పాత సంస్థానాల ఫిల్ములు పోగుచేశారు. వాటితో ఉత్త డాక్యుమెంటరీ తీయవచ్చు. వాళ్లు అంతకంటే తెలివైన పని చేశారు. రూత్ ప్రావర్ జాబ్‌వాలా చేత ఒక కథ రాయించి, ‘ఆటోబయోగ్రఫీ ఆఫ్ ఎ ప్రిన్సెస్’ పేరుతో 1975లో గంట నిడివి సినిమా చేశారు. లండన్‌లో ఉంటున్న ఒక రాజకుమారి (మధుర్ జాఫ్రీ) ఏటా ఒక రోజు, తండ్రి దగ్గర కార్యదర్శిగా పనిచేసిన సిరిల్ (జేమ్స్ మేసన్)ను టీకి పిలిచి పాత రీళ్లు వేస్తుంది. తెర మీదవి నిజమైన రాజుల నిజమైన ఫిల్ములు. గదిలో ఉన్నవి కల్పిత పాత్రలు. ఆమెకు తెర మీద నాన్నగారి వైభవం కనిపిస్తుంది. ఆయన మీద పుస్తకం రాయమని సిరిల్‌ను బతిమాలుతుంది. సిరిల్‌కు అదే బొమ్మల్లో ఆ దొరతనపు మొరటుతనం, తాను అక్కడ వృథా చేసుకున్న వయసు కనిపిస్తాయి. ఒకే రీలును ఇద్దరు చూసేటప్పుడు ఏం జరుగుతుందన్నదే ఇక్కడ కథ. షూబ్ కత్తెరతో చేసిన పనిని ఐవరీ రెండు ముఖాలతో చేశాడు. రాచకుటుంబాల పాత ఫిల్ము మీద వచ్చిన సినిమాల్లో దీనికి దక్కవలసినంత పేరు దక్కలేదు.

బ్రిటిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ దగ్గరున్న 1899–1947 నాటి భారత దృశ్యాలతో సంధ్యా సూరి 2018లో ‘అరౌండ్ ఇండియా విత్ ఎ మూవీ కెమెరా’ కూర్చింది. మహారాజులు, వైస్రాయ్‌లతోపాటు పొలం కూలీలకు, ఫకీర్లకు కూడా అందులో చోటుంది. ఆమె తొలి సినిమా ‘ఐ ఫర్ ఇండియా’ 2005లో వచ్చింది. దానికి ముడిసరుకు ఏ రాజుగారి రీళ్లూ కావు. 1960ల్లో ఇంగ్లండ్‌లో వైద్యుడిగా స్థిరపడ్డ ఆమె తండ్రి సూపర్ 8 కెమెరాలు, ప్రొజెక్టర్లు, టేపు రికార్డర్లు రెండేసి కొని, ఒక జత స్వదేశంలోని తనవాళ్లకు పంపించాడు. మంచు, పిల్లలు, కొత్త ఇల్లు అటు వెళితే, పెళ్లిళ్లు, పండుగలు, ఎప్పుడు తిరిగొస్తావన్న తల్లిదండ్రుల గొంతులు ఇటు వచ్చాయి. ఆ ఇచ్చిపుచ్చుకోవడం ఏళ్ల తరబడి సాగింది.